వాడుకరి పేజీలో ఆత్మపరిచయం: తెలుగు వికీపీడియా ఆధారంగా ఒక పరిశీలన

వ్యాససంగ్రహం: తెలుగు వికీపీడియాలో స్వచ్ఛందంగా రచన చేసేవారు తమను పరిచయం చేసుకునే స్థలం వాడుకరి పేజీ. ఈ వ్యాసం ఆ పరిచయాన్ని ఒక రచనారూపంగా స్వీకరించి, తెలుగు కావ్యావతారికలోని కవి స్వీయపరిచయంతో పోల్చి పరిశీలిస్తుంది. అవతారికలో పరిచయం రచనకు ప్రామాణ్యాన్ని చేకూరుస్తుంది. వికీపీడియాలో ఆ పని మూలాలది. అందువల్ల ఇక్కడి ఆత్మపరిచయం అధికారప్రకటనగా కాక జవాబుదారీ ప్రకటనగా మారవలసి ఉందని, ఆ మార్పు తెలుగులో ఇంకా పూర్తికాలేదని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: వికీపీడియా, వాడుకరి పేజీ, ఆత్మపరిచయం, అవతారిక, కర్తృత్వం, ప్రామాణ్యం, ఇంటిపేరు.

1. ఉపోద్ఘాతం

విజ్ఞానసర్వస్వాన్ని సంప్రదించే పాఠకులు వ్యాసాన్ని చదువుతారు గాని, దాన్ని రాసినవారి గురించి సాధారణంగా ఆరా తీయరు. 2001 జనవరి 15న ఇంగ్లీషులోనూ, 2003 డిసెంబరులో తెలుగులోనూ మొదలైన వికీపీడియా ఈ అలవాటును మరింత బలపరిచింది. అందులో వ్యాసం మొదటగాని చివరగాని రచయిత పేరు కనిపించదు. అయినా రచయితలు అక్కడ లేకుండా పోలేదు. ప్రతి వ్యాసం వెనుకా ఒక చరిత్ర పేజీ ఉంటుంది. ఏ మార్పు ఏ రోజున, ఏ సమయంలో, ఏ వాడుకరి పేరుతో జరిగిందో అందులో వరుసగా నమోదవుతుంది. ఆ పేరును అనుసరించి వెళ్తే వాడుకరి పేజీ తెరుచుకుంటుంది. రచయిత 'నేను' అని చెప్పుకోగల చోటు అది.

ఈ పేజీని సాంకేతిక సౌకర్యంగానో, వ్యక్తిగత విషయంగానో భావించి వదిలివేయడం పరిపాటి. కాని సమష్టి రచనలో పాల్గొనే వ్యక్తి తనను ఎలా చెప్పుకుంటాడు, ఏది చెప్పి ఏది దాస్తాడు అన్నవి కర్తృత్వానికీ ప్రామాణ్యానికీ సంబంధించిన ప్రశ్నలు. అవి సాహిత్యవిమర్శకు కొత్తవి కావు. వికీపీడియా కూడా తన రచయితల ఆత్మపరిచయాన్ని నియమాలతో కొంత, సంప్రదాయంతో కొంత తీర్చిదిద్దుతున్నది. ఆ తీర్పు తెలుగులో ఏ రూపం పొందుతున్నదో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం. ఏ ఒక్క వాడుకరి పేజీనీ పేరుపెట్టి చర్చించక, వాటిలో తరచుగా కనిపించే ధోరణులనే ఇక్కడ స్వీకరించడం జరిగింది.

2. అవతారిక: పరిచయమే ప్రామాణ్యం

తెలుగులో గ్రంథకర్త ఆత్మపరిచయానికి స్థిరమైన స్థానం కల్పించింది కావ్యావతారిక. ఇష్టదేవతాస్తుతి, పూర్వకవిస్తుతి, కుకవినింద, కృతిపతి వర్ణనలతో పాటు కవి తన వంశాన్నీ విద్యనూ చెప్పుకోవడం అందులో భాగం. నన్నయ మహాభారతావతారికలో రాజరాజనరేంద్రుని కులబ్రాహ్మణునిగా, జపహోమతత్పరునిగా, శబ్దశాస్త్రం తెలిసినవానిగా, పురాణవిజ్ఞానం కలవానిగా కనిపిస్తాడు. ఆశ్వాసాంత గద్య ఇదే పనిని సంగ్రహంగా, మళ్ళీమళ్ళీ చేస్తుంది. తిక్కన గద్యలో తండ్రి కొమ్మన, పోతన గద్యలో తండ్రి కేసన ప్రస్తావన ఉన్నాయి. కావ్యాన్ని వినేవారికి ఈ వివరాలు అలంకారప్రాయం కావు. ఎవరి కుమారుడు, ఎవరి శిష్యుడు, ఎవరి ఆశ్రితుడు అన్నవి ఆ గ్రంథాన్ని నమ్మడానికి ఆధారాలు.

సంప్రదాయబద్ధమైన విద్య తనకు లేదని చెప్పుకున్నవారు సైతం ఈ చట్రాన్ని విడిచిపెట్టలేదు. మొల్ల తన రామాయణావతారికలో కావ్యలక్షణాలలో తనకు పాండిత్యం లేదని ఒప్పుకుంటూనే, గోపవరపు శ్రీకంఠ మల్లేశుని వరంవల్ల కవిత్వం అబ్బిందని చెప్పుకున్నది. శాస్త్రపాండిత్యం ఉండవలసిన చోట దైవానుగ్రహం నిలిచింది గాని, అర్హత చూపవలసిన ఆ స్థానం మాత్రం ఖాళీగా మిగలలేదు.

ఈ సంప్రదాయంలోనే సమష్టి రచనకు దగ్గరైన రెండు సందర్భాలున్నాయి. నన్నయ తన రచనకు నారాయణభట్టు తోడ్పడ్డాడని, భారతయుద్ధంలో అర్జునునికి కృష్ణుని తోడ్పాటుతో పోల్చి కృతజ్ఞతగా చెప్పుకున్నాడు. తరువాతి కాలంలో ఎర్రన అరణ్యపర్వశేషాన్ని నన్నయ రచనలో ఒదిగిపోయేలా పూరించి, తన ప్రభువుకు కాక రాజరాజుకే అంకితంగా నిలిపాడు. తాను పూరించిన సంగతిని చివరకు మాత్రమే తెలిపాడు. మరొకరి రచనలో తన స్వరాన్ని కలిపివేసి, చేసిన పనిని విడిగా నమోదుచేయడం అనే పద్ధతికి తెలుగులో ఇది గట్టి పూర్వోదాహరణ. వికీపీడియా రచయిత వంశక్రమాన్ని ఏకరువు పెట్టే కవికన్నా ఈ ఎర్రనకే దగ్గరివాడు.

3. విజ్ఞానసర్వస్వాలు: సంతకం నుంచి చరిత్ర పేజీ వరకు

ముద్రిత విజ్ఞానసర్వస్వాలు రచయిత ప్రామాణ్యాన్ని వేరొక రూపంలో నిలుపుకున్నాయి. 1751లో ప్రచురణ మొదలైన ఫ్రెంచి విజ్ఞానసర్వస్వంలో దిదెరో బృందం వ్యాసకర్తలను అక్షరసంకేతాలతో గుర్తించింది. బ్రిటానికా వ్యాసాల చివర రచయితల పొడి అక్షరాలు ముద్రించింది. సంకేతం చిన్నదే అయినా దాని వెనుక ఒక పండితుడు ఉన్నాడన్న హామీ ఉన్నది. తెలుగులో కొమర్రాజు వేంకట లక్ష్మణరావు ఆంధ్ర విజ్ఞాన సర్వస్వాన్ని తలపెట్టినప్పుడు, ఆ మహాకార్యానికి పూచీ ఆయన పాండిత్యమూ, ఆయన కూడగట్టిన విద్వాంసుల పాండిత్యమూ. 1923లో ఆయన మరణించేనాటికి వెలువడిన సంపుటాలు అకారం దాటలేదు. ఒక వ్యక్తి దీక్షపై ఇంతగా ఆధారపడిన పనికి ఆ వ్యక్తి ఆయుర్దాయమే హద్దు అయింది.

వికీపీడియా ఈ రెండింటినీ మార్చింది. రాసేవారి అర్హతను ముందుగా పరీక్షించదు. రాసిన విషయానికి మూలాన్ని అడుగుతుంది. తటస్థ దృక్కోణం, నిర్ధారత్వం, మౌలిక పరిశోధన నిషేధం అనే మూడు నియమాలూ కలిసి చెప్పేది ఒక్కటే: ఒక వాక్యం నిలవడానికి దాన్ని చేర్చినవారి విద్వత్తు కారణం కాకూడదు, పాఠకులు స్వయంగా సరిచూసుకోగల ఆధారమే కారణం కావాలి. అంటే అవతారికలో కవి పరిచయం నిర్వహించిన పనిని ఇక్కడ మూలాల పట్టిక నిర్వహిస్తుంది.

అయితే పేరు పూర్తిగా అనవసరం కాలేదు. వికీపీడియా పాఠ్యం క్రియేటివ్ కామన్స్ అట్రిబ్యూషన్-షేర్‌అలైక్ లైసెన్సు కింద విడుదలవుతుంది. ఆ లైసెన్సు కోరే రచయిత గుర్తింపును ఆచరణలో తీర్చేది చరిత్ర పేజీయే. కాబట్టి వాడుకరి పేరుకు చట్టపరమైన విలువ కూడా ఉంది. ప్రామాణ్యం మూలానికి దక్కింది, కర్తృత్వం చరిత్రకు దక్కింది. ఈ రెండూ పోయాక ఆత్మపరిచయానికి మిగిలిన పని ఏమిటన్నది అసలు ప్రశ్న.

4. 'సభ్యుడు' నుంచి 'వాడుకరి'

ఈ ప్రశ్నకు సమాధానం వెతికే ముందు, తెలుగులో ఆ పేజీకి పెట్టిన పేరును పరిశీలించాలి. తెలుగు వికీపీడియాలో ఈ విభాగానికి 'సభ్యుడు', 'సభ్యులు' అనే పేర్లు ఉండేవి. తరువాత 'వాడుకరి' స్థిరపడింది. పాతపేర్లు సాఫ్ట్‌వేరులో మారుపేర్లుగా మిగిలాయి. ఈ మార్పు పైకి కనిపించేదానికన్నా లోతైనది.

'సభ్యుడు' అన్న మాట రెండు విషయాలను ముందే నిర్ణయిస్తుంది. ఒకటి, రాసేవారు పురుషుడు అన్న భావన. రెండు, అదొక సంఘమనీ దానిలో ప్రవేశం పొందాలనీ భావన. వికీపీడియాలో చందా లేదు, సిఫారసు లేదు, ప్రవేశపరీక్ష లేదు. 'వాడుకరి' అన్న పదం చదువరి, నేర్పరి వంటి పదాల తీరులో ఏర్పడి, స్త్రీపురుషులిద్దరికీ సమంగా అన్వయిస్తుంది. జర్మన్, స్పానిష్ వికీపీడియాలు వాడుకరి తెలిపిన లింగాన్నిబట్టి పేజీపేరుకు స్త్రీవాచక రూపాన్ని విడిగా కల్పించుకోవలసి వచ్చింది. తెలుగుకు ఒక్క పదమే చాలింది. వికీమీడియా ఫౌండేషన్ సర్వేలు స్త్రీల భాగస్వామ్యం చాలా తక్కువగా ఉన్నట్లు చూపుతూ వచ్చిన నేపథ్యంలో ఈ పదనిర్మాణం స్వల్పవిషయం కాదు.

భాషానిర్మాణం కూడా ఇక్కడ తోడ్పడుతుంది. హిందీలో 'నేను రాస్తాను' అనాలంటే క్రియారూపమే వక్త లింగాన్ని బయటపెడుతుంది. తెలుగు ఉత్తమపురుష క్రియ అలా చేయదు. ప్రథమపురుషలో మాత్రం 'రాశాడు', 'రాసింది' అని ఎంచుకోక తప్పదు. ఎదుటివారెవరో తెలియని చర్చాపేజీల్లో ఈ చిక్కును 'గారు' తీరుస్తుంది. వాడుకరి పేరుకు 'గారు' చేర్చి 'రాశారు' అంటే మర్యాదా నిలుస్తుంది, లింగం చెప్పవలసిన అవసరమూ తప్పుతుంది. ఇదే తెలుగు వికీపీడియా వ్యాసభాగంలో ఎంతటి ప్రముఖులకైనా ఏకవచనాన్నే పాటిస్తుంది, 'గారు'ను అనుమతించదు. వ్యాసంలోని వ్యక్తికి లేని గౌరవవాచకం రాసేవారికి చర్చలో లభించడం మొదట వింతగా తోచవచ్చు. కాని వ్యాసం ఒక విషయాన్ని గురించి చెబుతుంది, చర్చ ఒక మనిషితో జరుగుతుంది. ఆ తేడాను తెలుగు మర్యాదావ్యవస్థ స్పష్టంగా చూపగలిగింది.

'వాడుకరి' పదంలో ఒక కొరత కూడా ఉంది. అది వాడుకొనేవారినే చెబుతుంది, తయారుచేసేవారిని చెప్పదు. గంటలకొద్దీ పుస్తకాలు తిరగేసి ఒక పేరాకు ఆధారం వెతికేవారి శ్రమకు ఆ పదంలో చోటు లేదు. బహుశా ఈ లోటును పూరించుకోవడానికే వాడుకరి పేజీల్లో పని పట్టికలు అంత విస్తారంగా పెరుగుతున్నాయి.

5. వాడుకరి పేజీ అంగాలు

వాడుకరి పేజీల్లో ప్రధానంగా నాలుగు ధోరణులు కనిపిస్తాయి.

మొదటిది జీవితసంగ్రహం. పేరు, పుట్టిన ఊరు, చదువు, ఉద్యోగం, ప్రస్తుత నివాసం అన్న క్రమంలో సాగుతుంది. ఉద్యోగ దరఖాస్తుకు జతచేసే వివరాలకూ, అవతారికకూ ఇది వారసురాలు. కొత్తగా చేరినవారు చాలావరకు ఈ రూపాన్నే ఆశ్రయిస్తారు. కొందరు ఇంకొక అడుగు ముందుకు వేసి తమ జీవితాన్ని విజ్ఞానసర్వస్వ వ్యాసంగానే రాస్తారు. విషయ ప్రాముఖ్యత నియమం కింద అది తొలగింపుకు గురవుతుంది, రాసినవారు నొచ్చుకుంటారు. ఇది చాలా సందర్భాల్లో అహంకారం కాదు, రూపాల మధ్య పొరపాటు. గ్రంథారంభంలో తనను చెప్పుకోవడం మర్యాదగా భావించే సంస్కృతి నుంచి వచ్చినవారు, గ్రంథంలోపలా గ్రంథం పక్కనా ఉన్న హద్దును గుర్తించలేదని మాత్రమే దాని అర్థం.

రెండవది సంకల్పకథనం. తాను ఎవరో కాక, తాను ఏమి చేయదలచుకున్నదీ చెప్పే పరిచయం ఇది: తమ మండలంలోని గ్రామాల వ్యాసాలు మెరుగుపరచడం, సాహిత్య వ్యాసాలకు మూలాలు చేర్చడం, అక్షరదోషాలు దిద్దడం వంటివి. మూడవది పని పట్టిక. ప్రారంభించిన వ్యాసాలు, విస్తరించినవి, తోటివారు ఇచ్చిన పతకాలు అందులో ఉంటాయి. భాషల్లో తన స్థాయిని సున్నా నుంచి మాతృభాష వరకు సూచించే బాబెల్ పెట్టెలు కూడా ఈ కోవకే చెందుతాయి. నాలుగవది శూన్యం. వాడుకరి పేరు ఎరుపురంగులోనే మిగిలిపోతుంది, పేజీయే ఉండదు. అయినా వారి మార్పుల జాబితా అందరికీ అందుబాటులో ఉంటుంది. ఏమీ చెప్పుకోనివారి పరిచయం వారు చేసిన పనిలోనే దొరుకుతుంది.

ఈ నాలుగింటినీ ఒక ఉదాహరణతో పరీక్షించవచ్చు. తెలుగు వికీపీడియాలో గ్రామవ్యాసాలు పెద్దసంఖ్యలో ఉన్నాయి. వాటికి 2011 జనగణన సమాచారం ఒక ముఖ్యాధారం. ఇంగ్లీషు అక్షరాల్లో ఉన్న ఊరిపేరును తెలుగులోకి మార్చేటప్పుడు ద-డ, త-ట, ల-ళ, న-ణ భేదాలూ, హ్రస్వదీర్ఘాలూ తెలియవు. ఆ ఊరివారు ఒకరు వచ్చి పేరు తప్పు పడిందని చర్చాపేజీలో రాశారనుకుందాం. 'మాది ఆ ఊరే' అన్న మాట నియమాల ప్రకారం ఆధారం కాదు. అలాగని అది నిష్ప్రయోజనమూ కాదు. ఊరి పంచాయతీ కార్యాలయం బోర్డు ఫోటో తీసి ఎక్కించగలిగేది వారే, స్థానిక చరిత్ర పుస్తకం ఎక్కడ దొరుకుతుందో చెప్పగలిగేదీ వారే. పరిచయం ఇక్కడ వాదాన్ని గెలిపించదు, ఆధారం దొరికే దారిని చూపుతుంది. వాడుకరి పేజీలో ఊరిపేరు చెప్పుకోవడానికి గల సార్థకత ఇదే.

6. అధికారమా, జవాబుదారీయా?

పరిచయం వాదాన్ని గెలిపించే ఆయుధమైతే ఏమవుతుందో ఇంగ్లీషు వికీపీడియాలోని 'ఎస్‌జే' ఉదంతం చూపింది. ఆ పేరుతో రాసే వాడుకరి తాను మతశాస్త్రంలో ఆచార్యుణ్ణని తన పేజీలో చెప్పుకున్నాడు. చర్చల్లో ఆ హోదాను ఆసరాగా వాడుకున్నాడు. 2006లో న్యూయార్కర్ పత్రిక వికీపీడియాపై ప్రచురించిన వ్యాసంలో కూడా ఆ పరిచయమే చోటుచేసుకున్నది. అతడు 24 ఏళ్ళ యువకుడనీ, చెప్పుకున్న పట్టాలు లేవనీ 2007లో బయటపడింది. అతడు బాధ్యతలనుంచి వైదొలగాడు. అర్హతలను ధ్రువీకరించే ఏర్పాటు ఉండాలన్న ప్రతిపాదన ఆ సందర్భంలో వచ్చినా వికీపీడియా సముదాయం దాన్ని ఆమోదించలేదు.

ఆ నిరాకరణ ఉదాసీనత కాదు. అర్హతను ధ్రువీకరించడం మొదలైతే, అర్హత ఉన్నవారి మాటకు ఆధారం అక్కరలేదన్న భావన వెంటనే వస్తుంది. వికీపీడియా సహవ్యవస్థాపకుడు లారీ సాంగర్ 2007లో ప్రజలముందుకు తెచ్చిన సిటిజెండియం ఆ రెండవ దారినే ఎంచుకున్నది. అసలుపేర్లను కోరింది, నిపుణులకు ప్రత్యేకస్థానం ఇచ్చింది. అది వికీపీడియాకు ప్రత్యామ్నాయంగా ఎదగలేకపోయింది. నిపుణులను గౌరవించడం తప్పన్న నిర్ణయానికి ఈ ఒక్క అనుభవం చాలదు. కాని పరిచయపత్రాన్ని ద్వారంవద్ద అడిగితే లోపలికి వచ్చేవారి సంఖ్య తగ్గుతుందన్న సంగతిని అది గుర్తుచేస్తుంది.

అన్నీ ఐచ్ఛికమైన ఈ వ్యవస్థలో ఒక పరిచయాంశం మాత్రం తప్పనిసరి. 2014 జూన్‌లో సవరించిన వికీమీడియా వాడుకనియమాల ప్రకారం, ప్రతిఫలం తీసుకుని రాసేవారు ఎవరి తరఫున రాస్తున్నారో వెల్లడించాలి. ఆ వెల్లడికి వాడుకరి పేజీ ఒక స్థానం. చదువు చెప్పనక్కరలేదు, వయసు చెప్పనక్కరలేదు, పేరు కూడా చెప్పనక్కరలేదు. పక్షపాతానికి కారణం కాగల ఆర్థికసంబంధాన్ని మాత్రం చెప్పాలి. ఈ నియమంలోనే కొత్త ఆత్మపరిచయ స్వభావం మొత్తం ఇమిడి ఉన్నది. తనను ఎందుకు నమ్మాలో చెప్పడం అవతారిక లక్షణం. తనను ఎక్కడ అనుమానించి సరిచూడాలో చెప్పడం వాడుకరి పేజీ లక్షణం.

7. ఇంటిపేరు చెప్పకపోవడం

తెలుగు సమాజంలో ఈ చర్చకు మరొక పార్శ్వం ఉంది. తెలుగువారి ఆత్మపరిచయంలో మొదట వచ్చేది ఇంటిపేరు. దాన్నిబట్టి కులాన్నీ ప్రాంతాన్నీ ఊహించడం విన్నవారి అలవాటు. అటువంటి సమాజంలో కలంపేరుతో రాయగలగడం కేవలం గోప్యత కాదు. చేసిన మార్పు మంచిచెడులను రాసినవారి పుట్టుకతో ముడిపెట్టకుండా చూసే అవకాశం అది. స్త్రీలకు, అట్టడుగు వర్గాలనుంచి వచ్చినవారికి, రాజకీయ మత కుల విషయాలపై వ్యాసాలు దిద్దేవారికి ఈ మౌనం రక్షణ కూడా. వాడుకరి పేజీ ఖాళీగా ఉండడాన్ని లోపంగా ఎంచడం అందువల్ల న్యాయం కాదు.

కాని ఇదే మౌనం మరొకదాన్ని కూడా కప్పుతుంది. రాసేవారెవరో తెలియకపోతే, రాయనివారెవరో కూడా తెలియదు. ఏ ప్రాంతపు చరిత్రకు విస్తృతవ్యాసాలున్నాయి, ఏ వృత్తుల పరిభాష ఒక్కవాక్యంతో ఆగిపోయింది, ఎవరి కళారూపానికి ముద్రితాధారం లేదన్న కారణంతో చోటు దక్కలేదు అన్న ప్రశ్నలు రచయితల సామాజిక నేపథ్యంతో సంబంధంలేనివి కావు. మూలం ఉన్నదే నిలుస్తుందన్న నియమం, ముద్రణకు ఎక్కిన సమాజాలకు సహజంగానే అనుకూలిస్తుంది. వ్యక్తులు తమను వెల్లడించుకోనక్కరలేని స్వేచ్ఛా, సమూహం తన అసమతౌల్యాన్ని తెలుసుకోవలసిన అవసరమూ ఇక్కడ ఎదురెదురుగా నిలుస్తున్నాయి. దీనికి పరిష్కారాన్ని వ్యక్తుల పరిచయాల్లో వెతకడం సరికాదు. వ్యాసాల విస్తృతిని విషయాలవారీగా పరిశీలించి లోటును గుర్తించడం, ఆ లోటు తీర్చగల సమూహాలను ఆహ్వానించడం రచ్చబండలో జరగవలసిన సమష్టికార్యం.

తెలుగు వికీపీడియావంటి చిన్న సముదాయంలో వ్యక్తిగత పరిచయమే సహకారానికి పునాది అన్న వాదం కూడా ఉంది. అందులో నిజం లేకపోలేదు. కొత్తవారి చర్చాపేజీలో స్వాగతం పలకడం, నాలుగు టిల్డెలతో సంతకం చేయడం నేర్పడం, తప్పును మర్యాదగా ఎత్తిచూపడం మనుషుల మధ్య జరిగే పనులు. అయితే పరిచయం పెరిగేకొద్దీ, పరిచితుల వ్యాసాల్లో ఆధారం అడగడానికి మొహమాటపడే ప్రమాదమూ పెరుగుతుంది. 'గారు' అనే మర్యాద ప్రశ్నను మృదువుగా అడగడానికే గాని, ప్రశ్నను మానుకోవడానికి కాదు.

8. ముగింపు

అవతారికా సంప్రదాయం తెలుగు రచయితకు తనను చెప్పుకునే భాషనిచ్చింది. వంశం, విద్య, ఆశ్రయం అన్న వరుసలో సాగిన ఆ భాష నేటి వాడుకరి పేజీల్లో ఊరు, చదువు, ఉద్యోగం అన్న వరుసగా కొనసాగుతున్నది. వికీపీడియా కోరే పరిచయం దీనికి భిన్నమైనది. అది మూడు ప్రశ్నలకు సమాధానం చెబితే చాలు: ఏ పని చేయదలచారు, ఆ పనికి తోడ్పడే భాషలు, పుస్తకాలు, స్థలపరిచయం ఏవి ఉన్నాయి, ఆ పనిలో సొంత ప్రయోజనం ఏమైనా ఉన్నదా. వీటికి వెలుపలిదంతా ఐచ్ఛికం.

ఈ కొలతతో చూస్తే పట్టాలన్నీ పేర్కొన్న సుదీర్ఘ పరిచయంకన్నా, తనవద్ద ఫలానా జిల్లా గెజెటీరు ఉన్నదనీ, ఫలానా సంస్థలో ఉద్యోగి అయినందున ఆ సంస్థ వ్యాసాన్ని తాకననీ చెప్పే రెండు వాక్యాలు విలువైనవి. అవి తోటి రచయితకు ఉపయోగపడతాయి, అవసరమైతే నిలదీయడానికీ వీలిస్తాయి. కొత్తవారికి వికీపీడియా శిక్షణ ఇచ్చే కళాశాలలు, తెలుగు శాఖలు మొదటి పాఠంగా వాడుకరి పేజీ రాయించేటప్పుడు జీవితసంగ్రహాన్ని కాక ఈ రెండు వాక్యాలను రాయించడం మంచిది. ఎర్రన అరణ్యపర్వాన్ని పూరించిన తీరును పాఠ్యాంశంగా బోధిస్తున్న శాఖలకు ఈ పద్ధతిని విద్యార్థులకు వివరించడం కష్టమేమీ కాదు.